మాటల్లేని హాస్య నాటిక: ఊరి మధ్య కొత్త దేశ సరిహద్దు. నవ్వు ఎవరి మీద పడాలి?

సాంఘికం టీచర్, నల్లగొండ జిల్లా

అందరికీ నమస్కారం. నేను ఒక జిల్లా పరిషత్తు ఉన్నత పాఠశాలలో సాంఘికశాస్త్రం చెబుతాను. వార్షికోత్సవానికి ఎనిమిదో తరగతి పిల్లలతో ఇరవై నిమిషాల నాటిక వేయిస్తున్నాను. అందులో ఒక్క మాట కూడా ఉండదు.

మాటలు వద్దనుకోవడానికి కారణం మా తరగతిలోని ఒక అబ్బాయి. అతనికి వినపడదు, మాట్లాడలేడు. కానీ ఎవరి నడకనైనా రెండుసార్లు చూస్తే చాలు, అచ్చంగా దించేస్తాడు. పాలు కొలిచే ఆవిడ ఎలా వంగుతుందో, బస్సు కండక్టరు రద్దీలో భుజం ఎలా దూర్చి ముందుకు వస్తాడో చేసి చూపిస్తే ఎవరో చెప్పాల్సిన పని లేదు. అలాంటి పిల్లవాడిని ఏటా చెట్టుగానో ద్వారపాలకుడిగానో నిలబెడుతున్నాం. ఈసారి మిగతా పిల్లలే అతని భాషలోకి రావాలని పట్టుబట్టాను.

కథ ఇది. ఒక పొద్దున ఒక అధికారి వచ్చి ఊరి మధ్యలో సున్నంతో గీత గీస్తాడు. ఇటు ఒక దేశం, అటు ఇంకో దేశం. ముసలమ్మ ఇల్లు ఇటు పడుతుంది, బర్రెల కొట్టం అటు పడుతుంది. ఆమె రోజూ చేసే పనులే చేస్తుంది. అంతే కథ.

ఇది నేను ఊహించింది కాదు, మా నాయనమ్మ నుంచి వచ్చింది. ఆమె పుట్టిల్లు మునగాల పరగణా, అత్తిల్లు ఆ పక్కనే నిజాం ఇలాకాలో. మునగాల చుట్టూ నిజాం రాజ్యమే. మధ్యలో ఆ ఒక్క పరగణా మాత్రం ఇంగ్లీషువాళ్ళ కృష్ణా జిల్లాలో ఉండేది. ఆ హద్దు తాతల కాలం నాటిదే. కానీ 1947 ఆగస్టు 15న ఆమె పుట్టిల్లు స్వతంత్ర భారతదేశంలోకి వెళ్ళింది, అత్తిల్లు హైదరాబాదు సంస్థానంలోనే ఉండిపోయింది. 1948 సెప్టెంబరు 17 దాకా, పదమూడు నెలల పాటు, పొలం గట్టు దాటితే పరాయి రాజ్యం. ఆమె చెప్పినదాంట్లో భయం చాలా ఉంది. రజాకార్లకు వెరచి రాత్రికి రాత్రి పిల్లలను చంకనేసుకుని గట్టు దాటి వచ్చినవాళ్ళకు గంజి కాచి పోశామని చెప్పేటప్పుడు ఆమె గొంతు మారిపోయేది.

ఆమె నవ్వుతూ చెప్పింది మాత్రం మోటబావి సంగతి. బోర్లు వచ్చాక మోటలు పోయాయి కాబట్టి చూడనివాళ్ళ కోసం కాస్త చెబుతాను. బావి అంచున గిలక, గిలక మీదుగా మోకు. మోకు ఒక కొసకు పెద్ద తోలుబొక్కెన, ఇంకో కొస ఎడ్ల కాడికి. ఎడ్లు ఏటవాలు బాటలో ముందుకు దిగుతుంటే బొక్కెన పైకి వస్తుంది, నీళ్ళు తొట్టిలో పడి కాలువకు వెళ్తాయి. తర్వాత ఆ ఎడ్లే వెనక్కి వెనక్కి అడుగులేస్తూ బావి దాకా రావాలి, అప్పుడే బొక్కెన మళ్ళీ నీళ్ళలోకి దిగుతుంది. మా వాళ్ళ బావి ఒక వైపు, ఎడ్ల బాట సగం నుంచి ఇంకో వైపు. పొద్దు పొడిచింది మొదలు ఎడ్లు లెక్కలేనన్నిసార్లు రాజ్యం దాటి, వెనుక కాళ్ళతో తిరిగి వచ్చేవి. కొత్తగా వచ్చిన నాకా జవాను చాలాసేపు చూసి, "ఎద్దు మొహం అటు ఉంది, కాళ్ళు ఇటు వస్తున్నాయి, దీన్ని పోయినట్టు రాయాలా వచ్చినట్టు రాయాలా" అని తాతయ్యను అడిగాడట. ఇది చెప్పినప్పుడల్లా నాయనమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వేది.

ఇప్పుడు నా బాధ చెబుతాను. మొన్న శనివారం రిహార్సల్‌లో ముసలమ్మ వేషం వేసిన అమ్మాయి పాలచెంబుతో గీత దాటబోయింది. అధికారిగా గీత గీసి, జవానుగా దాన్ని కాసే పిల్లవాడు కర్ర అడ్డం పెట్టాడు. అమ్మాయి తూలి పడింది, చెంబు దొర్లుకుంటూ వెళ్ళింది. చూస్తున్న పిల్లలందరూ విరగబడి నవ్వారు. నా మొహం మీదికీ నవ్వు వచ్చేసింది, అంతలోనే గుండె కలుక్కుమంది. పడిపోయింది మా నాయనమ్మ కదా. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఈ నవ్వును ఆ ముసలమ్మ మీద నుంచి ఎలా తప్పించాలి? ఆ గీత నిన్న లేదని, ఇవాళే వచ్చిందని మాట లేకుండా ఎలా తెలియజేయాలి? పలక మీద రాసి చూపించడం నాకు ఇష్టం లేదు. ప్రపంచంలో ఇలా నిజంగా జరిగిన చోట్ల సంగతులు తెలిసినవాళ్ళు కూడా రాయండి. ఇది కట్టుకథ కాదని పిల్లలకు చెప్పాలి.

కోదాడ కిరాణం

టీచరమ్మా, మునగాల పేరు చూడగానే చేతిలో పని వదిలేసి కూర్చున్నాను. కొమర్రాజు లక్ష్మణరావు గారు దివానుగా పనిచేసిన సంస్థానం అది. ఈ తరం పిల్లలకు ఆ పేరు మండలం బోర్డు మీద తప్ప తెలియదు. మీరు నాటిక వేయిస్తున్నందుకు చాలా సంతోషంగా ఉంది.

మా మామగారి నాన్నగారిది ఉప్పు, బెల్లం, కిరసనాయిలు అమ్మే కొట్టు. గల్లాపెట్టెలో రెండు అరలుండేవి. ఒక అరలో హాలీ సిక్కా, ఇంకో అరలో కల్దారు. నిజాం నాణెం హాలీ, ఇంగ్లీషువాళ్ళ రూపాయి కల్దారు. ఏడు హాలీ రూపాయలిస్తే సుమారు ఆరు కల్దార్లు వచ్చేవి. ఆ పెట్టె ఇప్పటికీ మా ఇంట్లో ఉంది, అందులో మా కోడలు మందుబిళ్ళలు పెట్టుకుంటుంది. చూపు మందగించాక కూడా ఆయన నాణెం తీసుకుని బొటనవేలితో ఒక్కసారి తడిమి ఏ అరలో వేయాలో ఆ అరలో వేసేవారట. ఒక దాని మీద చార్మినారు, ఇంకో దాని మీద రాజు తల. నాలుగు మినార్లు వేలికి తెలుస్తాయి, తల నున్నగా ఉంటుంది.

ఇది మీ అబ్బాయికి సరిపోతుంది చూడండి. విస్తరాకంత అట్టనాణేలు చేయించండి. గీత పడక ముందు ముసలమ్మ చార్మినారు నాణెం ఇచ్చి బెల్లం తీసుకుంటుంది. గీత పడిన తర్వాత అదే కొట్టులో అదే నాణెం ఇస్తే కొట్టతను దాన్ని తిప్పి తిప్పి చూసి వెనక్కి తోస్తాడు. నిన్న చెల్లింది ఇవాళ చెల్లలేదంటే ఏదో మారిందని చంటిపిల్లలకు కూడా అర్థమవుతుంది.

ఒక్క మాట మాత్రం మనసులో పెట్టుకోండి. మన జిల్లాలో ఆ ఏడాదిన్నరలో ఇళ్ళు కాలినవాళ్ళు, మనుషులను పోగొట్టుకున్నవాళ్ళు ఉన్నారు. వాళ్ళ పిల్లలు, మనవలు మీ పాఠశాల ప్రాంగణంలో కూర్చుని చూస్తారు. జవాను బట్టలు ఆనాటి ఏ దుస్తులనూ తలపించకుండా కుట్టించండి. ఏ జెండా రంగూ వద్దు. గోధుమరంగు చొక్కా, వెదురు టోపీ చాలు.

పాలమూరు రంగస్థలం

మేడమ్, ఇరవై ఏళ్ళుగా మహబూబ్‌నగర్‌లో వీధినాటకాలు వేస్తున్నాను. మీరు భయపడిన ఆ నవ్వు గురించి ముందు చెబుతాను. కింద పడ్డ మనిషిని చూసి పిల్లలు నవ్వడంలో క్రూరత్వం లేదు, ఎవరు పడినా నవ్వుతారు. అందుకే ఎవరు పడాలన్నది మనం నిర్ణయించాలి. ముసలమ్మ ఇరవై నిమిషాల్లో ఒక్కసారి కూడా పడకూడదు, తొట్రుపడకూడదు, చెంబులో పాలు ఒలకకూడదు. ఆమెకు తన దారి తెలుసు. ఆ నేల తెలియనివాడు గీసినవాడే. గీత వల్ల చిక్కుల్లో పడేదీ అతనే కావాలి.

కొత్తదనం గురించి. మొదటి నాలుగు నిమిషాలు గీత లేకుండా నడిపించండి. ముసలమ్మ ఇంటి నుంచి కొట్టానికి, కొట్టం నుంచి కొట్టుకు, కొట్టు నుంచి బావికి. అదే దారి, అదే వరుస, మూడుసార్లు. మూడోసారికి ప్రేక్షకుడి కళ్ళు ఆమె కంటే ముందు బావి దగ్గరికి వెళ్తాయి. అప్పుడు గీత గీయించండి. తెలిసిన దారి తెగితేనే తెగినట్టు కనపడుతుంది. చాలామంది గీతతోనే మొదలుపెడతారు, అది పెద్ద పొరపాటు.

శబ్దాన్ని మాత్రం వదులుకోకండి. సింగీతం శ్రీనివాసరావు గారు 1987లో తీసిన పుష్పక విమానంలో సంభాషణలు లేవు కానీ చప్పుళ్ళు ఎంత పని చేశాయో గుర్తు చేసుకోండి. మీ గిలక కిర్రుమనాలి. మీ అబ్బాయి కోసం దానితోపాటు నేల మీద డప్పు ఆనించి కొట్టించండి, అరికాళ్ళకు తెలుస్తుంది, అడుగు వేయాల్సిన సమయం అతను పట్టుకుంటాడు.

జరిగిన సంగతులు అడిగారు. ఇటలీలో గొరీత్సియా అనే పట్టణం ఉంది. రెండో ప్రపంచయుద్ధం తర్వాత 1947 సెప్టెంబరులో దాని పక్క నుంచి యుగోస్లావియా సరిహద్దు పడింది. పట్టణం ఇటలీకి మిగిలింది, ఒక రైల్వేస్టేషను అటు పోయింది. వీధుల్లో, పెరళ్ళలో తెల్లరంగుతో గీత గీశారు. దగ్గరలోని మీరెన్ అనే ఊళ్ళో ఆ గీత శ్మశానం మధ్య నుంచి వెళ్ళింది. ఒకే సమాధి రెండు దేశాల్లో పడింది. 1975లో ఒప్పందం కుదిరే దాకా అక్కడ అదే పరిస్థితి.

నన్ను ఎక్కువగా కదిలించింది 1950 ఆగస్టు 13. ఆ ఆదివారం యుగోస్లావియా వైపు జనం వేలల్లో సరిహద్దు దగ్గర చేరారు. ఇటున్న చుట్టాలను చూసుకోవాలని వచ్చినవాళ్ళు కాపలాను తోసుకుని పట్టణంలోకి నడిచి వెళ్ళారు. బంధువులను కలిశారు, దుకాణాల్లో సరుకులు కొన్నారు. ఎక్కువమంది కొన్నది చీపుర్లు. అటు వైపు చీపుర్లకు కరువు. సాయంత్రం చీపురు భుజాన వేసుకుని ఎవరిళ్ళకు వాళ్ళు తిరిగి వెళ్ళారు. అక్కడివాళ్ళు దాన్ని ఇప్పటికీ చీపుర్ల ఆదివారం అంటారు. అంత తెగించి సరిహద్దు దాటిన మనిషి ఇంటికి తెచ్చుకున్నది చీపురు. దీన్ని వేదిక మీద చూపించడానికి మాట ఎందుకు?

సాగర్ ఎడమ కాలువ

చిన్న హెచ్చరిక. 2023 నవంబరు చివర నాగార్జునసాగర్ ఆనకట్ట మీద 26 గేట్లకు సరిగ్గా మధ్యలో ముళ్ళకంచె పడిన రోజు మా ఊరివాళ్ళందరం వెళ్ళి చూసి వచ్చాం. మన వైపు ప్రేక్షకులకు గీత, నీళ్ళు కలిపి చూపిస్తే వెంటనే అదే గుర్తొస్తుంది. మీరు చెప్పేది దేశాల సంగతి, అది రాష్ట్రాల సంగతి. మోటబావి ఉంచండి కానీ గేట్ల లాంటివి ఏవీ పెట్టకండి.

కల్వకుర్తి మాజీ జవాను

టీచర్ గారూ, నేను సరిహద్దు భద్రతా దళంలో పనిచేసి వచ్చాను. అందులో ఆరేళ్ళు పశ్చిమ బెంగాల్‌లో, బంగ్లాదేశ్ సరిహద్దు మీద. పైన రంగస్థలం అన్నగారు రాసినదాంట్లో ఒక్కదానితో నేను ఏకీభవించలేను. గీత గీసినవాడు వేరు, గీత మీద నిలబడినవాడు వేరు. గీసినవాడు వెళ్ళిపోతాడు. 1947లో భారత్, పాకిస్తాన్ హద్దు గీసిన రాడ్‌క్లిఫ్ దొర అంతకు ముందు ఎన్నడూ మన దేశం చూడలేదు, ఐదు వారాల్లో గీత పూర్తి చేశాడు. నిలబడేవాడు మాత్రం నాలాంటి రైతుబిడ్డ. నేను అక్కడ ఎండలో నిలబడి ఉన్నప్పుడు ఇక్కడ మా పొలంలో నాట్లు పడుతున్నాయా లేదా అని ఆలోచించేవాణ్ణి. మీ నాటికలో ఈ ఇద్దరినీ ఒకే పాత్రలో కలిపేశారు. విడదీయండి.

ముర్షిదాబాదులో పెద్దవాళ్ళు చెప్పిన సంగతి ఒకటి రాస్తాను. 1947లో స్వాతంత్ర్యం వచ్చిన రోజుకు గీత ఎక్కడ పడిందో ప్రజలకు తెలియదు. దాన్ని ఆగస్టు 17న ప్రకటించారు. ముర్షిదాబాదు తమదేననుకుని పాకిస్తాన్ జెండా ఎగరేశారు. ఖుల్నాలో భారత జెండా ఎగిరింది. తీరా చూస్తే రెండూ తారుమారు, ముర్షిదాబాదు భారత్‌కు, ఖుల్నా పాకిస్తాన్‌కు. దించి మళ్ళీ ఎగరేయాల్సి వచ్చింది. జెండా రంగు వద్దన్నారు కాబట్టి, కట్టిన తోరణమే విప్పి ఎదుటి గుంజకు కట్టినట్టు చూపించవచ్చు.

కంచె గురించి కూడా చాలామందికి తెలియదు. అసలు హద్దు మీద కంచె ఉండదు. హద్దుకు 150 గజాల లోపల వేస్తారు. ఆ మధ్య భూమి మన రైతులదే. పొద్దున గేటు తెరిచే వేళకు రైతులు ఎడ్లతో, నాగలితో వరుసలో నిలబడతారు. గుర్తింపు కార్డు మా దగ్గర పెట్టి, పేరు రాయించుకుని పొలానికి వెళ్తారు. గేటు మూసే వేళకు తిరిగి రావాలి. ఒక ముసలాయన కార్డు ఇంట్లో మరచి వచ్చి, అది తేవడానికి వెనక్కి వెళ్ళాడు. ఆయన ఎద్దు మాత్రం ఆగలేదు, రోజూ వెళ్ళే దారే కదా. ఆయన కార్డుతో వచ్చేసరికి ఎద్దు తన మడి చివర నిలబడి ఉంది. దాన్ని చూసి మా పోస్టులో అందరం నవ్వాం, ఆయన కూడా నవ్వాడు. ఆ నవ్వులో ఎవరికీ బాధ కలగలేదు. మీకు కావలసింది అలాంటి నవ్వే అనుకుంటాను.

కూచ్‌బిహార్ వైపు ఇంకా విచిత్రం. అటు దేశంలో మన ఊళ్ళు 111, ఇటు వాళ్ళవి 51, చుట్టూ పరాయి దేశంతో ద్వీపాల్లా ఉండేవి. మీ నాయనమ్మ గారి మునగాల లాగే. 2015 జూలై 31 అర్ధరాత్రితో రెండు దేశాలు వాటిని మార్చుకున్నాయి. దహలా ఖగ్రాబరీ అని ఒక జనపనార చేను ఉండేది. బంగ్లాదేశ్‌లో మన ఊరు, ఆ ఊళ్ళో వాళ్ళ ఊరు, దాని లోపల మళ్ళీ మన చేను. ఆ చేనుకు వెళ్ళే రైతు ఎన్ని హద్దులు దాటుతాడో మీ పిల్లల చేత ముగ్గుపిండితో గీయించి లెక్కపెట్టించండి.

సాంఘికం టీచర్, నల్లగొండ జిల్లా

అందరికీ చేతులెత్తి నమస్కరిస్తున్నాను. జవాను గారూ, మీరు రాసింది పిల్లలకు చదివి వినిపించాను, ఆ అబ్బాయికి పలక మీద బొమ్మలు గీసి చెప్పాను. అధికారిని, కాపలావాడిని విడదీశాం. అబ్బాయి తనకు కాపలావాడి వేషమే కావాలని గుండె మీద చేయి పెట్టుకుని చూపించాడు.

నిన్న జరిగినది రాయకుండా ఉండలేకపోతున్నాను. ముగ్గుపిండితో దహలా ఖగ్రాబరీ గీయించండి అన్నారు కదా, ఇంటి నుంచి డబ్బా తీసుకెళ్ళాను. రిహార్సల్‌లో అధికారి వేషం వేసిన పిల్లవాడు ఆ పిండితోనే వరండా ఈ చివర నుంచి ఆ చివరకు గీత గీసి, చేతులు దులుపుకుని వెళ్ళిపోయాడు. ముసలమ్మ వేషం అమ్మాయి చీపురు పట్టుకుని వచ్చింది. గీతను చూసింది. నేను చెప్పింది, భయపడి ఆగమని. ఆమె ఆగలేదు. ఇంటి ముందు పిండి కనపడితే ఆడపిల్ల ఏం చేస్తుంది? గొంతుక్కూర్చుని గీతకు అటు నాలుగు, ఇటు నాలుగు చుక్కలు పెట్టింది. గీతను మెలిక తిప్పింది. వేళ్ళ సందుల్లోంచి పిండి జారుతుంటే చుక్క చుట్టూ చుక్క చుట్టి, చూస్తుండగానే సరిహద్దును పద్మం చేసేసింది. చివర అలవాటు కొద్దీ బొటనవేలితో పిండి అంచు సవరించింది.

అప్పుడు కాపలావాడు వచ్చాడు. గస్తీ తిరగాల్సింది ఆ గీత వెంటే. కాలు ఎత్తాడు, కింద ముగ్గు. ఇంకో కాలు ఎత్తాడు, అక్కడా ముగ్గే. ముగ్గు తొక్కకూడదని అతనికి తెలుసు, వాళ్ళమ్మ నేర్పే ఉంటుంది. ఒంటికాలి మీద నిలబడి చుట్టూ చూశాడు. మెల్లగా చెప్పులు విప్పి చేతిలో పట్టుకున్నాడు. మునివేళ్ళ మీద పద్మం చుట్టూ తిరిగి, ఆ దేశంలోంచి ఈ దేశంలోకి, ఈ దేశంలోంచి ఆ దేశంలోకి, మొత్తం ముగ్గును చుట్టి వచ్చాడు. పిల్లలు నవ్వారు, నేనూ మనసారా నవ్వాను. ముసలమ్మ లేచి అతని చెప్పులు అందుకుని పక్కన పెట్టింది. ఇది ఎవరూ చెప్పలేదు.

మోటబావి, అట్టనాణేలు, తోరణం ఉంటాయి. చీపుర్లకు ఇరవై నిమిషాల్లో చోటు దొరకలేదు, అందుకే ముసలమ్మ చేతిలోని చీపురునే ఉంచాను. జవాను గారూ, ఇంకొక్క సహాయం చేయండి. గేటు దగ్గర మీరు రాసే రిజిస్టరు ఎలా ఉంటుంది? ఎద్దు పేరు రాసే సన్నివేశంలో మావాళ్ళకు అది సరిగ్గా ఉండాలి.

కల్వకుర్తి మాజీ జవాను

టీచర్ గారూ, మా గేటు దగ్గరిది పొడుగాటి లెక్కల పుస్తకం, మూలలు నలిగి ఉండేది. పేరు, కార్డు నంబరు, వెళ్ళిన వేళ, వచ్చిన వేళ, చివర సంతకం గడి. ఎడ్లకు విడిగా ఒక గడి, ఎన్ని అని అంకె మాత్రం వేసేవాళ్ళం. సంతకం రానివాళ్ళు వేలిముద్ర వేసేవారు, అందుకు ఊదారంగు సిరా ప్యాడు. పెన్ను పోకుండా దారంతో పుస్తకానికి కట్టేవాళ్ళం. బల్ల కాలికి ఒక పాత గుడ్డముక్క కూడా కట్టి ఉండేది, వేలు తుడుచుకోవడానికి. సాయంత్రానికి అది పూర్తిగా ఊదారంగుకు మారేది. అది పెట్టడం మరవకండి. తేదీ చెప్పండి, వచ్చి చూస్తాను.